మిస్టీ నైట్ కామిక్స్ ఏ వరుసలో చదవాలి: కొత్త పాఠకులకు దశలవారీ పద్ధతి

‘ల్యూక్ కేజ్’ టీవీ సిరీస్ చూసి మిస్టీ నైట్ మీద అభిమానం పెంచుకున్నవారు తరచుగా ఒకే ప్రశ్న అడుగుతున్నారు: ఆమె కామిక్స్ ఎక్కడ మొదలుపెట్టాలి, ఏ వరుసలో చదవాలి? ఒక్క మాటలో చెప్పగల జవాబు కాదది. ఆమె పేరుతో ఏళ్ల తరబడి నడిచిన సొంత పత్రిక లేదు. ఆమె కథ మార్వెల్ సంస్థ ప్రచురించిన ఐరన్ ఫిస్ట్ (ఒక కుంగ్‌ఫూ వీరుడు), ల్యూక్ కేజ్, స్పైడర్‌మ్యాన్, ఎక్స్‌మెన్, కెప్టెన్ అమెరికా పత్రికలలో ముక్కలు ముక్కలుగా చెదిరి ఉంది. ఆ ముక్కలను ఏరి, వరుసగా పేర్చుకొని, చదివినది సరిగా అర్థమైందో లేదో సరిచూసుకునే పద్ధతిని ఇక్కడ వివరిస్తున్నాను.

మొదలుపెట్టే ముందు ఇంతవరకు తెలిస్తే చాలు. మిస్టీ నైట్ న్యూయార్క్ పోలీసు శాఖలో మంచి పేరున్న అధికారిణి. ఒక బాంబు పేలుడులో ఆమె కుడి చేయి పోయింది. శాఖ ఆమెను బల్ల దగ్గర కూర్చుని చేసే పనికి పరిమితం చేయబోతే, ఆ పని తనకు వద్దని ఉద్యోగమే వదులుకుంది. టోనీ స్టార్క్ ఆమెకు యాంత్రిక హస్తాన్ని తయారుచేసి ఇచ్చాడు. ఆ తరువాత స్నేహితురాలు కొలీన్ వింగ్‌తో కలిసి ఆమె ప్రైవేటు డిటెక్టివ్ సంస్థ నడిపింది. చాలామంది ఆమెను ఇనుప చేయి ఉన్న అమ్మాయిగానే గుర్తుపెట్టుకుంటారు. నా దృష్టిలో ఆమె కథకు అసలు కీలకం చేయి కాదు, ఆమె ఇచ్చిన రాజీనామా. కింద చెప్పిన వరుసను ఆ దృష్టితోనే కూర్చాను.

కావలసినవి

– ఐరన్ ఫిస్ట్ ఎపిక్ కలెక్షన్ శ్రేణిలోని ‘ద ఫ్యూరీ ఆఫ్ ఐరన్ ఫిస్ట్’ సంపుటి. ఇందులో మార్వెల్ ప్రీమియర్ 15 నుంచి 25 వరకు, ఐరన్ ఫిస్ట్ 1 నుంచి 15 వరకు, మార్వెల్ టీమ్‌అప్ 63, 64, పవర్ మ్యాన్ 48, 49, పవర్ మ్యాన్ అండ్ ఐరన్ ఫిస్ట్ 50 ఉన్నాయి. మొదటి దశలకు దాదాపు ఈ ఒక్క పుస్తకం సరిపోతుంది.

– అది దొరకకపోతే పాత ‘ఎసెన్షియల్ ఐరన్ ఫిస్ట్’ సంపుటి. కథలు ఇంచుమించు అవే అయినా అచ్చు నలుపు తెలుపులో, చవక కాగితం మీద ఉంటుంది.

– పుస్తకాలు కొనే వీలు లేనివారికి మార్వెల్ అన్‌లిమిటెడ్ (కామిక్స్‌ను ఆన్‌లైన్‌లో చదివించే సేవ) చందా. డబ్బు కట్టే ముందు మీకు కావలసిన సంచికలు అందులో ఉన్నాయో లేదో పేరు పెట్టి వెతకండి. డెడ్లీ హ్యాండ్స్ ఆఫ్ కుంగ్‌ఫూ 32, 33 సంచికల విషయంలో ఈ తనిఖీ మరీ అవసరం.

– ఒక నోటుబుక్కు. దీన్ని దయచేసి తేలికగా తీసుకోకండి, ఎందుకో మూడవ దశలో చెబుతాను.

హైదరాబాదులో ఉన్నవారు ఆదివారం అబిడ్స్ ఫుట్‌పాత్ మీద పరిచే పాత పుస్తకాలలో కూడా వెతకవచ్చు. అమెరికన్ కామిక్స్ అక్కడ విడిగా వచ్చిపడుతుంటాయి. అయితే వరుస సంచికలు ఒకేచోట దొరుకుతాయని మాత్రం ఆశ పెట్టుకోకండి.

దశ 1. టీవీలో చూసిన మిస్టీని పక్కన పెట్టండి

ఎక్కువమంది తడబడేది ఇక్కడే. 2016లో వచ్చిన ‘ల్యూక్ కేజ్’లో సిమోన్ మిసిక్ పోషించిన మిస్టీ హార్లెంలో ఉద్యోగం చేస్తున్న డిటెక్టివ్. ఆమె చేయి 2017 నాటి ‘ద డిఫెండర్స్’లో కత్తి వేటుకు తెగిపోతుంది. యాంత్రిక హస్తం 2018లో వచ్చిన ‘ల్యూక్ కేజ్’ రెండవ సీజన్‌లో అమరుతుంది. కామిక్స్‌లో క్రమం దీనికి తలకిందులు. మనం ఆమెను కలిసేసరికే పోలీసు ఉద్యోగం గతం, చేయి పోవడమూ గతమే. కాబట్టి చేయి తెగే సన్నివేశం ఎప్పుడు వస్తుందా అని ఎదురుచూస్తూ చదివితే నిరాశ తప్పదు. ఆ గతం సంభాషణల మధ్య, జ్ఞాపకాల మధ్య కొంచెం కొంచెంగా తెలుస్తుంది.

టీవీలో చూసిన రఫేల్ స్కార్ఫ్‌ను కూడా ఇలాగే పక్కన పెట్టండి. కామిక్స్‌లోనూ అతడు ఆమెతో పనిచేసిన పోలీసే. కానీ టీవీలో చూసిన అవినీతిపరుడిని మనసులో పెట్టుకొని 1970ల సంచికలు చదివితే, అతడు నిజాయితీగా అన్న మాటలు కూడా అనుమానంగానే తోస్తాయి.

దశ 2. తొలి దర్శనంతో కాకుండా, ఐరన్ ఫిస్ట్ మొదటి సంచికతో మొదలుపెట్టండి

మిస్టీ పేరు మొదటిసారి కనిపించేది 1975 మార్చి నాటి మార్వెల్ ప్రీమియర్ 21వ సంచికలో. రచన టోనీ ఇసబెల్లా, బొమ్మలు ఆర్వెల్ జోన్స్. సహజంగానే చాలామంది అక్కడినుంచే మొదలుపెడతారు, వారిలో చాలామంది అక్కడే ఆగిపోతారు. ఆ పత్రికలో ఐరన్ ఫిస్ట్ కథ అప్పటికే ఆరు సంచికలుగా నడుస్తోంది. పాత్రలు, పగలు, కుట్రలు పోగుపడి ఉన్న నట్టనడుమ మీరు దిగుతారు.

1975 నవంబరు తేదీతో వచ్చిన ఐరన్ ఫిస్ట్ మొదటి సంచిక తెరవడం మేలు. రచన క్రిస్ క్లేర్‌మాంట్, బొమ్మలు జాన్ బర్న్. ఇద్దరూ వయసులో ఉన్న రోజులవి, ఆ ఉత్సాహం పేజీల మీద తెలుస్తుంది. అక్కడినుంచి పదవ సంచిక వరకు చదివి ఆగండి. మార్వెల్ ప్రీమియర్ 21వ సంచికను తరువాత తీరికగా వెనక్కి వెళ్లి చదువుకోవచ్చు. అప్పుడు ఆ ముఖం మీకు పరిచయమైనదే కాబట్టి ఎక్కువ ఆనందం కలుగుతుంది.

హెచ్చరిక: విడి సంచికలు కొనాలనుకుంటే ఐరన్ ఫిస్ట్ 14వ సంచిక ధర చూసి కంగారుపడకండి. సేబర్‌టూత్ అనే ప్రతినాయకుడు మొదటిసారి కనిపించేది అందులోనే. అందుకే సేకర్తలు దాని ధర పెంచేశారు. చదవడానికైతే సంపుటిలోని ప్రతి చాలు.

దశ 3. నోటుబుక్కులో నాలుగు గడులు గీసి ప్రతి సంచికకూ నింపండి

ఈ దశ దాటవేసినవారు మధ్యలో దారి తప్పడం నేను చాలాసార్లు చూశాను. పేజీని నాలుగు నిలువు గడులుగా గీయండి. మొదటి గడిలో సంచిక పేరు, సంఖ్య రాయండి. రెండవ గడిలో అట్ట మీది నెల, సంవత్సరం రాయండి. మూడవ గడికి ‘చేయి’ అని, నాలుగవ గడికి ‘ఉద్యోగం’ అని పేరు పెట్టండి.

‘చేయి’ గడిలో ఆ సంచికలో యాంత్రిక హస్తాన్ని ఎలా చూపించారో ఒక ముక్క రాయాలి. ఎందుకంటే 1970ల కథలలో ఆ చేయి చాలాచోట్ల మామూలు చేయిలాగే, చర్మపు రంగులోనే కనిపిస్తుంది. మెరిసే లోహపు చేయి తరువాతి కాలపు చిత్రకారుల అలవాటు. ఇది తెలియని పాఠకులు ‘ఇంకా చేయి పోలేదేమో’ అనుకొని కథాక్రమాన్ని తలకిందులు చేసుకుంటారు. అందువల్ల బొమ్మను ఒక్కదాన్నే నమ్మకండి, మాటలను కూడా చదవండి. ఆమె కుడి చేత్తో మనుషులు ఎత్తలేని బరువు ఎత్తినా, ఒక్క గుద్దుతో తలుపు విరగ్గొట్టినా, బొమ్మలో చర్మం కనిపిస్తున్నా సరే అది యాంత్రిక హస్తమే. ఏ చేయి అన్న అనుమానం వస్తే కుడి చేయి అని గుర్తుంచుకోండి.

‘ఉద్యోగం’ గడిలో ఆమె ఆ సంచికలో ఏ హోదాలో పనిచేస్తున్నదో రాయండి: మాజీ పోలీసు, డిటెక్టివ్, మారుపేరుతో శత్రువుల మధ్య చేరిన మనిషి, బృంద నాయకురాలు. ఉద్యోగం వదిలినా పోలీసు అలవాట్లు ఆమెను వదలలేదు. గదిలోకి వచ్చే ముందు ద్వారాలు లెక్కపెట్టడం, ఎవరు అబద్ధం చెబుతున్నారో ముందుగా పసిగట్టడం వంటి చిన్న విషయాలు కనబడితే అవి కూడా ఈ గడిలోనే రాసుకోండి. పది సంచికలు నింపాక ఆ గడిని పైనుంచి కిందికి ఒకసారి చదవండి. సాహసాల హోరులో కనబడని మనిషి అక్కడ కనబడుతుంది.

అట్ట మీది నెల గురించి ఒక మాట. అమెరికన్ కామిక్స్ మీద అచ్చువేసే నెల, ఆ సంచిక నిజంగా అమ్మకానికి వచ్చిన నెల ఒకటి కావు. అచ్చు తేదీ సాధారణంగా రెండు మూడు నెలలు ముందుకు ఉంటుంది. వరుస పేర్చుకునేటప్పుడు అన్నింటికీ అట్ట తేదీనే తీసుకోండి. కొన్నింటికి అట్ట తేదీ, కొన్నింటికి అమ్మకపు తేదీ కలిపితే వరుస చెడిపోతుంది.

దశ 4. డెడ్లీ హ్యాండ్స్ ఆఫ్ కుంగ్‌ఫూ 32, 33 సంచికలు చదవండి

ఐరన్ ఫిస్ట్ పదవ సంచిక దగ్గర ఆగమన్నది ఇందుకే. 1977 జనవరి, ఫిబ్రవరి తేదీలతో వచ్చిన ఈ రెండు సంచికలలో ‘డాటర్స్ ఆఫ్ ద డ్రాగన్’ కథ ఉంది. రచన క్లేర్‌మాంట్, బొమ్మలు మార్షల్ రోజర్స్. మిస్టీ, కొలీన్ ఇద్దరే ప్రధాన పాత్రలుగా ఉన్న తొలి కథ ఇది. కొలీన్ తాతయ్యను చంపించిన ఎమిల్ వాషాన్ అనే నేర నాయకుడిని వెతుకుతూ వారు హాంకాంగ్ వెళతారు.

నా అభిప్రాయంలో మిస్టీని అర్థం చేసుకోవడానికి ఇంతకన్న మంచి చోటు లేదు. ఐరన్ ఫిస్ట్ పక్కన ఆమె ప్రియురాలు, సహాయకురాలు. ఇక్కడ ఆమె నిర్ణయాలు ఆమెవే. రంగులు లేకపోయినా నలుపు, బూడిద ఛాయలతో రోజర్స్ గీసిన బొమ్మల గడులు (ప్యానెల్స్) నెమ్మదిగా చూడదగినవి. ఒక పేజీలో గడుల పరిమాణం ఎలా మారుతున్నదో, పోరాటం మొదలయ్యే ముందు గడి ఎలా సన్నబడుతున్నదో గమనించండి.

హెచ్చరిక: ఇది పిల్లలకు ఇవ్వవలసిన కథ కాదు. మామూలు కామిక్స్‌కు వర్తించే నియమావళి ఈ పెద్ద సైజు పత్రికకు వర్తించేది కాదు. కొలీన్‌కు బలవంతంగా హెరాయిన్ ఎక్కించే ఘట్టం ఇందులో ఉంది. ఇంట్లో పిల్లలతో కలిసి చదువుతున్నవారు ఈ దశను పెద్దలకే వదిలి నేరుగా తరువాతి దశకు వెళ్లవచ్చు, ముఖ్యమైన దారం తెగిపోదు.

ప్రత్యామ్నాయం: విడి సంచికలు అరుదు. డెడ్లీ హ్యాండ్స్ ఆఫ్ కుంగ్‌ఫూ ఆమ్నిబస్ రెండవ సంపుటిలో ఇవి ఉన్నాయి. అయితే అది బరువైన, ఖరీదైన పుస్తకం. ఈ రెండు సంచికల కోసమే కొనమని నేను చెప్పను.

దశ 5. ఐరన్ ఫిస్ట్ 11 నుంచి 15, ఆ వెంటనే మార్వెల్ టీమ్‌అప్ 63, 64, ఆపై పవర్ మ్యాన్ 48, 49

ఈ భాగాన్ని ఒకే ఊపులో చదవాలి. ఐరన్ ఫిస్ట్ పత్రిక 1977 సెప్టెంబరులో 15వ సంచికతో ఆగిపోయింది, కానీ కథ ఆగలేదు. ఐరన్ ఫిస్ట్‌కు శత్రువైన స్టీల్ సర్పెంట్‌తో తేలవలసిన లెక్క మార్వెల్ టీమ్‌అప్ 63, 64 సంచికలలో, స్పైడర్‌మ్యాన్ కూడా చేరగా, ముగిసింది. 15వ సంచిక చివర ‘ఇంతేనా’ అనిపిస్తే, మీరు తరువాతి పుస్తకం తెరవలేదని అర్థం.

పవర్ మ్యాన్ 48వ సంచికకు వచ్చేసరికి టీవీ ప్రేక్షకులకు తెలిసిన పేరు ఎదురవుతుంది: బుష్‌మాస్టర్. మిస్టీ వేరే పేరుతో అతడి ముఠాలో చేరి రహస్యాలు సేకరించిన మనిషి. అందుకు పగబట్టిన బుష్‌మాస్టర్, ల్యూక్ కేజ్‌కు కావలసిన ఇద్దరిని బందీలుగా పట్టుకొని అతడిని మిస్టీ మీదికి ఉసిగొల్పుతాడు. ల్యూక్ కేజ్, ఐరన్ ఫిస్ట్‌ల సుప్రసిద్ధ స్నేహం మొదలయ్యేది ఈ కొట్లాటలోనే. ఆ స్నేహానికి కారణం మిస్టీ చేసిన పోలీసు తరహా పని అన్న సంగతి చాలామంది గమనించరు. మీ నోటుబుక్కులో ‘ఉద్యోగం’ గడి సరిగా నింపి ఉంటే ఇది వెంటనే పట్టుబడుతుంది.

సంఖ్యల దగ్గర ఒక చిక్కు ఉంది. ఒకే పత్రిక మూడు పేర్లు మార్చుకుంది. 1972లో మొదలైనప్పుడు ‘హీరో ఫర్ హైర్’, 17వ సంచిక నుంచి ‘పవర్ మ్యాన్’, 50వ సంచిక నుంచి ‘పవర్ మ్యాన్ అండ్ ఐరన్ ఫిస్ట్’. సంఖ్య మాత్రం మొదటి నుంచి ఒకటే వరుస, 1986లో 125తో ముగిసింది. కాబట్టి ‘పవర్ మ్యాన్ అండ్ ఐరన్ ఫిస్ట్ ఒకటవ సంచిక’ కోసం ఆ కాలపు కామిక్స్‌లో వెతకకండి, అది లేదు.

50 తరువాతి డెబ్బై అయిదు సంచికలూ చదవాలా అని అడిగితే, ఓపిక ఉంటే చదవండి. మిస్టీ ఉంటుంది, పోతుంది. జో డఫీ రాసిన సంచికలలో సంభాషణలు బాగుంటాయి. మిస్టీ కోసమే చదివేవారు వీటిని వేగంగా తిరగేసినా ఫరవాలేదు. 1979 ఫిబ్రవరి, మార్చి నాటి ఎక్స్‌మెన్ 118, 119 మాత్రం వదలకండి. జపాన్‌లో ఎక్స్‌మెన్‌కు మిస్టీ, కొలీన్ తారసపడే కథ అది.

దశ 6. 2006 తరువాతి పుస్తకాలకు వెళ్లండి

వరుస ఇలా ఉండాలి. మొదట 2006 నాటి ‘డాటర్స్ ఆఫ్ ద డ్రాగన్’, ఆరు సంచికలు. రచన జస్టిన్ గ్రే, జిమ్మీ పామియాటి, బొమ్మలు ఖారీ ఎవాన్స్. బెయిలు మీద బయటికి వచ్చి కోర్టు మొహం చూడకుండా పరారైనవారిని పట్టి తెచ్చే పనిలో మిస్టీ, కొలీన్ ఉంటారు. తరువాత 2006–07 నాటి ‘హీరోస్ ఫర్ హైర్’, పదిహేను సంచికలు. ఆ తరువాత 2010–11 నాటి ‘హీరోస్ ఫర్ హైర్’, పన్నెండు సంచికలు, రచన డాన్ ఆబ్నెట్, ఆండీ లానింగ్. ఇందులో మిస్టీ ‘కంట్రోల్’ పేరుతో తెర వెనుక ఉండి, మిగతా వీరుల చెవిలో ఆదేశాలు ఇస్తుంది. అటుపై 2013 నాటి ‘ఫియర్‌లెస్ డిఫెండర్స్’, చివరగా 2015లో మొదలైన ‘కెప్టెన్ అమెరికా: శామ్ విల్సన్’.

హెచ్చరిక: ‘హీరోస్ ఫర్ హైర్’ పేరుతో మూడు వేర్వేరు సిరీస్‌లు ఉన్నాయి, మొదటిది 1997లో వచ్చింది. నేను తొలిసారి తెప్పించుకున్నది ఆ 1997 నాటిదే. అమ్మకపు పేజీలో సంవత్సరం చూడకుండా పేరు మాత్రమే చూసి డబ్బు కట్టాను. పార్సిల్ విప్పి ఒక్కొక్క పేజీ తిరగేస్తూ మిస్టీ బృందం కోసం వెతికిన ఆ సాయంత్రం నాకు ఇంకా గుర్తుంది. పేరు పక్కన సంవత్సరం, రచయిత పేరు రెండూ కలిస్తేనే కొనండి. 2006–07 సిరీస్‌లో 13వ సంచిక ముఖచిత్రం స్త్రీలను చూపిన తీరుకు అప్పట్లో తీవ్రమైన విమర్శలకు గురైంది. ఆ విమర్శ న్యాయమైనదే అని నేను అనుకుంటున్నాను. పిల్లల కంటపడే చోట ఆ సంపుటిని పెట్టకండి.

ఎక్కువగా జరిగే పొరపాట్లు

మిస్టీ, కొలీన్ నడిపిన సంస్థ పేరు నైట్‌వింగ్ రిస్టోరేషన్స్. ఇద్దరి ఇంటిపేర్లు కలిపితే వచ్చిన పేరు అది. ఇంటర్నెట్‌లో ‘నైట్‌వింగ్’ అని వెతికితే మార్వెల్‌కు పోటీ సంస్థ అయిన డీసీ వారి వీరుడు డిక్ గ్రేసన్ (మారుపేరు నైట్‌వింగ్) కథలు వందల కొద్దీ వస్తాయి. పైగా అతడు కూడా కొంతకాలం పోలీసుగా పనిచేసిన వీరుడే కావడంతో ‘మాజీ పోలీసు, నైట్‌వింగ్’ అని వెతికినవారు మరింత గందరగోళంలో పడుతున్నారు. తెలుగు లిపిలో రెండూ ఒకేలా ఉంటాయి కాబట్టి ఈ చిక్కు మనకు ఇంకాస్త ఎక్కువ. సంస్థ పేరుతో కాకుండా మిస్టీ పూర్తి పేరుతో, ఇంగ్లిష్‌లో కె అక్షరంతో మొదలయ్యే నైట్ అని వెతకండి.

రెండవ పొరపాటు, ఆమె తొలి దర్శనం గురించిన వాదన. కొన్ని జాబితాలు 1972 మార్చి నాటి మార్వెల్ టీమ్‌అప్ మొదటి సంచిక అంటాయి, కొన్ని 1975 అంటాయి. రెండింటికీ ఆధారం ఉంది. 1972 కథలో పేరు లేని ఒక నల్లజాతి యువతి కాసేపు కనిపిస్తుంది. ఆమే మిస్టీ అని క్లేర్‌మాంట్, బర్న్‌లు 1977 డిసెంబరు నాటి మార్వెల్ టీమ్‌అప్ 64వ సంచికలో వెనక్కి ముడివేశారు. పాత్రగా ఆమె పుట్టింది మాత్రం 1975లోనే.

సరిగా చదివారో లేదో ఇలా సరిచూసుకోండి

పుస్తకం మూసి ఈ ప్రశ్నలకు జవాబు రాయండి. ఆమె ఏ చేయి, ఎలా పోయింది? శాఖ ఆమెకు ఏ పని ఇవ్వజూపింది, ఆమె ఎందుకు కాదంది? బుష్‌మాస్టర్‌కు ఆమె మీద పగ ఎందుకు? ఐరన్ ఫిస్ట్ 15 తరువాత కథ ఏ పత్రికలో కొనసాగింది? జవాబులో కత్తి వేటు, హార్లెం స్టేషన్ వచ్చాయంటే టీవీ కథ ఇంకా కలిసిపోతోందని అర్థం, మొదటి దశకు తిరిగి వెళ్లండి. పగకు కారణం తట్టకపోతే ఐరన్ ఫిస్ట్ చివరి అయిదు సంచికలలో మిస్టీ కనిపించే పేజీలను మాత్రం మరోసారి చూడండి.

చివరి తనిఖీ కోసం మార్వెల్ టీమ్‌అప్ మొదటి సంచికను, 64వ సంచికను పక్కపక్కన తెరిచి పెట్టండి. 1972 కథలోని ఆ పేరులేని యువతిని చూసి, వెంటనే అయిదేళ్ల తరువాతి మిస్టీని చూడండి. ఈ రెండు బొమ్మల మధ్య ఆమె జీవితంలో ఏం జరిగిందో, ఏం పోగొట్టుకుందో, దేనిని వద్దనుకుందో మీ నోటుబుక్కు చూడకుండా చెప్పగలిగితే మీ వరుస సరిగ్గా కుదిరినట్టే.